లండన్ చూడని హాల్డన్ గారు

హాంబర్గ్ రేవులో ఒక ఓడల ఏజెన్సీ ఆఫీసులో టెలిఫోన్ బోర్డు ముందు పదమూడేళ్లుగా కూర్చుంటున్న మనిషి గెజీనె ల్యూర్స్. నలభై ఏడేళ్లు. భర్త యుద్ధానికి వెళ్లి తిరిగి రాలేదు. బార్మ్‌బెక్ పేటలో రెండు గదుల వాటా, ఒక పాత టైపు మిషను, గోధుమరంగు కోటు ఒకటి. ట్రాములో ఎదురుగా కూర్చున్నవాళ్లు కూడా దిగాక ఆమె ముఖం గుర్తుపెట్టుకోరు. అలాంటి మనిషి ఆ పాటికే పంతొమ్మిది మందిని నీళ్లలో ముంచి, పదకొండు మందిని కత్తితో పొడిచి, ఆరుగురికి విషం పెట్టి చంపేసింది. అంతా కాగితం మీదే. అంతా లండన్‌లోనే.

గెజీనె డిటెక్టివ్ నవలలు రాసేది. అద్దె పుస్తకాల షాపుల్లో చేతులు మారీ మారీ అట్టలు ఊడిపోయే రకం నవలలు. ఆ రోజుల్లో హత్య అంటే ఇంగ్లండులోనే జరగాలి, పొగమంచులోనే జరగాలి అని జర్మన్ పాఠకులకి గట్టి నమ్మకం. బార్మ్‌బెక్ టెలిఫోన్ ఆపరేటర్ రాసిందంటే ఎవరూ ముట్టుకోరు. అందుకని ఆమె ప్రచురణకర్త టీడెమన్ గారు పెర్సీ హాల్డన్ అనే రచయితని పుట్టించాడు. లండన్ పోలీసుశాఖలో పెద్ద ఉద్యోగం చేసి మానేశాడనీ, బ్రహ్మచారి అనీ, నాలుగు వేటకుక్కలతో పల్లెటూళ్లో ఉంటాడనీ ప్రతి పుస్తకం వెనక అట్ట మీదా వేసేవాడు.

గెజీనె లండన్ ముఖం చూడలేదు. యుద్ధం అయిపోయిన కొత్తలో బ్రిటిష్ సైనికుల ఆఫీసులో రెండేళ్లు టైపిస్టుగా చేసింది. వాళ్లు చదివి పారేసిన హత్యల నవలలు ఇంటికి తెచ్చుకుని, నిఘంటువు పక్కన పెట్టుకుని నమిలి మింగింది. పాత పుస్తకాల బండి మీద దొరికిన లండన్ పటం ఒకటి గోడకి అంటించుకుంది. ఆమె ఇంగ్లీషు అలా వచ్చింది, ఆమె లండనూ అలాగే వచ్చింది.

పంతొమ్మిది వందల అరవై ఒకటి ఏప్రిల్‌లో, పని మంచి ఊపులో ఉన్న వేళ, టీడెమన్ గారు ఆఫీసు బోర్డుకే ఫోను చేశాడు.

"ఫ్రావ్ ల్యూర్స్, కూర్చుని ఉన్నారా?"

"టెలిఫోన్ ఆపరేటర్నండీ. నిలబడి ఎప్పుడు పనిచేశాను?"

"అయితే కుర్చీ గట్టిగా పట్టుకోండి. 'మైనపు పడవవాడు' సినిమా తీస్తున్నారు!"

గెజీనె చేతిలో ఉన్న తీగని ఏదో కన్నంలో గుచ్చేసింది. బొగ్గు కోసం అరగంట నుంచీ అరుస్తున్న నార్వే కెప్టెను ఆఫీసు క్యాంటీను వంటావిడతో కలిసి, ఆ పూట బంగాళాదుంపల పులుసు ఎలా ఉందో తెలుసుకున్నాడు.

"నిజంగానా?" అంది చివరికి.

"నిజంగానే. మన రేవులోనే తీస్తారు. ఇటుక గోదాముల కాలవ ఉంది చూడండి, దాన్నే థేమ్స్ చేసేస్తారట. కాకపోతే ఒక చిన్న చిక్కు..." టీడెమన్ గొంతు తగ్గించాడు. "వాళ్లు హాల్డన్ గారిని చూడాలంటున్నారు."

"ఏ హాల్డన్ గారిని?"

"అదే కదా చిక్కు. సంతోషంలో నోరు జారాను. ఆయన నాకు ప్రాణస్నేహితుడనీ, మే నెలలో హాంబర్గ్ వస్తున్నాడనీ చెప్పేశాను. పత్రికలవాళ్లని కూడా పిలిచేశారు."

"టీడెమన్ గారూ! మీకు మతి ఉందా?"

"ఉంటే ప్రచురణకర్తని ఎందుకవుతానమ్మా."

రెండు వారాల తర్వాత టీడెమన్ ఆఫీసులో గెజీనెకి హాల్డన్ గారి దర్శనమైంది. అసలు పేరు హామిష్ పెట్రీ. స్కాట్లండువాడు, ఓడల్లో ఇంజనీరుగా చేసి మానేశాడు. హాంబర్గ్ అమ్మాయిని చేసుకుని పద్నాలుగేళ్లుగా ఆ ఊళ్లోనే ఆల్టోనా పేటలో కాపురం ఉంటున్నాడు. రేవు కూలీలు మాట్లాడే జర్మన్ వాళ్ల కన్నా చక్కగా మాట్లాడతాడు. తెల్లటి మీసం, ఎర్రటి చెంపలు, మనిషి భారీగా, హుందాగా ఉన్నాడు. టీడెమన్ అతనికి గళ్ల కోటు తొడిగి, చేతికి పైపు ఇచ్చి, నాలుగడుగులు వెనక్కి వేసి, "అచ్చం అట్ట మీది మనిషే!" అని మురిసిపోయాడు.

"ఒక్కటే సంగతి," అంది గెజీనె. "ఈయన నోరు విప్పితే ఆల్టోనా చేపలబజారు వినపడుతుంది."

"అందుకే ఆయనకి జర్మన్ రాదు. మీరు దుబాసీ. ఆయన ఇంగ్లీషులో ఏదో ఒకటి అంటాడు, మీరు మీ జవాబు చెప్పేయండి. హామిష్, గుర్తుంది కదా? నీకు జర్మన్ ఒక్క ముక్క రాదు."

"మా ఆవిడా అదే అంటుంది," అన్నాడు హామిష్ పైపు నోట్లో పెట్టుకుని.

మే నెల రెండో మంగళవారం మధ్యాహ్నం ఒంటిగంటకి ముగ్గురూ రేవుకి వెళ్లారు. గెజీనె ఆఫీసులో సెలవు పెట్టింది. రాత్రంతా నిద్ర లేదు, అయినా కాళ్లు నేల మీద ఆనడం లేదు. కాలవ మలుపు తిరగగానే ఆగిపోయింది.

తను చెక్కిన లండన్ అక్కడ నిలబడి ఉంది.

ఇటుక గోదాముల ముందు గ్యాసు దీపాల స్తంభాలు పాతారు. చెక్కతో చేసిన ఎర్ర టెలిఫోను గూడు ఒకటి. ఇంగ్లీషు టోపీలు పెట్టుకున్న పోలీసులు గుంపుగా నిలబడి ఉప్పుచేప పెట్టిన రొట్టెలు తింటున్నారు. పొగ డబ్బాల పక్కన ఇద్దరు మనుషులు గాలి ఎటు వీస్తోందో వేలు తడి చేసుకుని చూస్తున్నారు. కాలవ అంచున నవలలోని హాగర్టీ గోదాము. పాచిరంగు తలుపు, మూడో మెట్టు విరిగి ఉంది. నలభై ఒకటో పేజీలో ఆ మెట్టుని విరగ్గొట్టింది తనే. ఒక ఆదివారం మధ్యాహ్నం, కాఫీ చల్లారిపోతుంటే, వాక్యం బరువుగా ఉందని విరగ్గొట్టింది. ఎవరో వడ్రంగి ఆ వాక్యం చదివి రంపం తీసుకుని నిజంగా కోశాడు!

గెజీనె వెళ్లి తలుపు మీద చెయ్యి పెట్టింది. రంగు ఇంకా ఆరలేదు. చేతి తొడుగు పచ్చగా అయింది. తుడుచుకోలేదు.

"ఏడుస్తున్నావా తల్లీ?" అన్నాడు హామిష్ మెల్లగా ఇంగ్లీషులో.

"పొగ," అంది గెజీనె.

పత్రికలవాళ్లు ఏడుగురు వచ్చారు. హామిష్‌ని టెలిఫోను గూడు పక్కన నిలబెట్టి ఫొటోలు తీశారు. ప్రశ్నలు మొదలయ్యాయి.

"మిస్టర్ హాల్డన్, ఇంత ఘోరమైన హత్యలు మీకెలా తోస్తాయి?"

గెజీనె అది ఇంగ్లీషులో చెప్పింది. హామిష్ తల పంకించి, గంభీరంగా దూరంగా చూస్తూ, "ఈ బూట్లు ఎవడివో గానీ ప్రాణం తీస్తున్నాయి, ఇంకా ఎంతసేపు?" అన్నాడు ఇంగ్లీషులో, అదీ పత్రికలవాళ్లకి కొరుకుడు పడని స్కాట్లండు యాసలో.

"చచ్చేవాడి మీద ముందు ప్రేమ పుట్టాలి, అప్పుడే వాణ్ని చంపడం చేతనవుతుంది అంటున్నారు," అంది గెజీనె. ఏడు పెన్సిళ్లు గీకాయి.

"జర్మన్ పాఠకుల గురించి ఏమంటారు?"

"టీడెమన్‌గాడు భోజనం పెట్టిస్తానన్నాడు, ఎక్కడ?"

"వాళ్లని మోసం చెయ్యడం కష్టమట."

టీడెమన్ జేబురుమాలుతో మెడ తుడుచుకున్నాడు. అంతా నున్నగా జరిగిపోతోంది. అప్పుడే కాలవ మీది వంతెన దగ్గర పెద్ద గొడవ మొదలైంది.

దర్శకుడు రెస్టార్ఫ్ సన్నగా, పొడుగ్గా, మెడకి ఉన్ని గుడ్డ చుట్టుకుని ఉంటాడు. ఇన్‌స్పెక్టర్ వేషం వేస్తున్న వీడ్‌మన్ అతని ఎదురుగా నిలబడి టోపీ తీసి నేలకేసి కొట్టాడు.

"చెయ్యను! ఈ సీను నేను చెయ్యను!"

"ఏం వచ్చిందయ్యా మళ్లీ?"

"మళ్లీ ఏంటి, మొదటి రోజు నుంచీ చెప్తున్నా. గోదాముకి రెండు తలుపులు. రెండింటి దగ్గరా పోలీసులు. మిగిలింది నీళ్లవైపు గుమ్మం. మైనపు ముఖం తగిలించుకున్న హంతకుడు పడవెక్కి ఆ గుమ్మంలోంచి తప్పించుకున్నాడంటారు. మరి ఈ వంతెన మీద దీపం పట్టుకుని నిలబడ్డది ఎవరు? నేను! నా కాళ్ల కిందనుంచి పడవ వెళ్తుంటే నాకు కనపడదా? నేను ఇన్‌స్పెక్టర్నా, గుడ్డివాణ్నా?"

"పుస్తకంలో పొగమంచు ఉంది కదా."

"ఐదు గజాల్లో పడవ కనపడనంత పొగ వేస్తే తెర మీద నా ముఖం కూడా కనపడదు!"

పోలీసు వేషాలవాళ్లు నవ్వారు. రెస్టార్ఫ్ నవ్వలేదు. ఆ కాలవగట్టు అనుమతి ఆ ఒక్కరోజుకే. మర్నాడు పొద్దున అక్కడ కాఫీ బస్తాల ఓడలు దించుకుంటారు. సినిమా చివర పదినిమిషాలూ ఆ సీను మీదే నిలబడాలి. అతను చుట్టూ చూశాడు. గళ్ల కోటు కనపడింది.

"దేవుడే పంపినట్టు రచయిత గారే ఉన్నారు! మిస్టర్ హాల్డన్, మీరే చెప్పండి. వాడు ఎలా తప్పించుకున్నాడు?"

అందరూ అటు తిరిగారు. పత్రికలవాళ్లు కాగితం తిప్పారు. గెజీనె తల దించుకుంది.

ఎందుకంటే కథలో ఆ కన్నం ఉందని ఆమెకి తెలుసు. రెండేళ్ల కింద నూట నలభయ్యో పేజీ దగ్గరికి వచ్చినప్పుడే తెలుసు. అచ్చుకి ఇవ్వడానికి రెండు రోజులే గడువు ఉంది. ఏం చెయ్యాలో తోచక కన్నంలో పొగమంచు పోసి పూడ్చేసింది. చదివినవాళ్లెవరూ అడగలేదు. ఇవాళ తోలుబూట్లు వేసుకున్న ఒక నటుడు సరిగ్గా అందులోనే కాలు పెట్టాడు.

"ఏమంటున్నాడు?" అన్నాడు హామిష్, తెలియనట్టు. తర్వాత గొంతు తగ్గించి ఇంగ్లీషులో, "ఆ నటుడి మాట నిజమే తల్లీ. నాకూ చదివేప్పుడు అదే అనుమానం వచ్చింది," అన్నాడు.

"ఆయన... కాస్త ఆలోచించుకోవాలంటున్నారు," అంది గెజీనె.

"ఎంతసేపు?"

ఆమె కాలవ అంచుకి నడిచింది. నీళ్లకేసి చూస్తూ నిలబడింది. గట్టు రాళ్ల పైవరకూ నీళ్లు నిండి, కదలకుండా, నూనె పోసినట్టు నిలబడి ఉన్నాయి. అలవాటు కొద్దీ లెక్క తనంతట తనే వచ్చింది. ఇవాళ పోటు ఒంటిగంటా యాభైకి నిండుతుంది. నిన్న పగలంతా కెప్టెన్లకి అదే చెప్పి చెప్పి గొంతు పోయింది. ఇప్పుడు రెండు అవుతోంది. ఇంకో రెండు మూడు నిమిషాలు నీళ్లు ఇలాగే ఉంటాయి. తర్వాత పాటు మొదలై సముద్రం వైపు లాగుతుంది.

గోదాము గుమ్మం దగ్గర సినిమావాళ్ల పడవ కట్టి ఉంది. అందులో ఎవరో నల్లకోటు పారేశారు. కోటు మీద మైనపు ముఖం. మధ్యాహ్నం ఎండకి పాలిపోయి, కళ్ల దగ్గర రెండు కన్నాలతో, నోరు కాస్త తెరుచుకుని ఆమెకేసే చూస్తోంది. చూస్తుండగానే పడవ ముక్కు కొద్దిగా కదిలింది. ఎవరూ ముట్టుకోలేదు. నీళ్లు మళ్లుతున్నాయి. తాడు మెల్లగా బిగిసింది. ముఖం అటు తిరిగింది, వెళ్దామా అన్నట్టు.

గెజీనెకి ఒళ్లు ఝల్లుమంది.

వెనక్కి తిరిగి దాదాపు పరిగెత్తుకుంటూ వచ్చింది. టోపీ పక్కకి జారింది, సర్దుకోలేదు.

"వాడు తప్పించుకోలేదు! పడవలో వాడు లేనే లేడు!" అంది. "ఇన్‌స్పెక్టరుకి పడవ కనపడాలి. బాగా కనపడాలి! అందరికీ కనపడాలి. మైనపు ముఖం పెట్టుకుని, నల్లకోటు వేసుకుని, వాడు పడవలో నిటారుగా కూర్చుని వెళ్తున్నాడు. తెడ్డు వెయ్యడు. తల తిప్పడు. ఆగమంటే ఆగడు. ఇన్‌స్పెక్టరు కాలుస్తాడు. గుండు తగులుతుంది, కోటులో కన్నం పడుతుంది. అయినా వాడు పడడు! కూర్చునే ఉంటాడు!"

వీడ్‌మన్ వంగి టోపీ తీసుకున్నాడు.

"రెండు తలుపుల దగ్గరి పోలీసులూ నీళ్లకేసి పరిగెడతారు," గెజీనెకి ఊపిరి ఆడడం లేదు. "పడవని పట్టుకుంటారు. ముఖం లాగుతారు. వెనక ఏమీ లేదు! గడ్డి! హంతకుడు చేసిందల్లా పాటు మొదలయ్యే వేళ చూసి తాడు కొయ్యడమే, మిగతా పని నది చేసింది. పోలీసులంతా అటు పోగానే వాడు మామూలు కోటు వేసుకుని, వాకిలి తలుపు తీసుకుని, మనలో ఒకడిలా నడిచి వచ్చేస్తాడు. వచ్చి ఎక్కడ నిలబడతాడు? ఇక్కడ, వంతెన మీద, ఇన్‌స్పెక్టరు పక్కన! సిగరెట్టు నోట్లో పెట్టుకుని, 'అగ్గిపెట్టె ఉందా సార్? ఎవర్నో పట్టుకుంటున్నట్టున్నారు' అంటాడు. ఇన్‌స్పెక్టరు నీళ్లకేసి చూస్తూనే వాడి సిగరెట్టు ముట్టిస్తాడు!"

పొగ డబ్బా ఒకటి బుసబుసలాడింది. రెస్టార్ఫ్ తన ముంజేతి మీద రోమాలు చూసుకున్నాడు. తర్వాత తల ఎత్తి హామిష్‌ని చూశాడు. గెజీనెని చూశాడు.

"అమ్మా," అన్నాడు నిదానంగా. "మిస్టర్ హాల్డన్ ఇంతసేపట్లో నోరు తెరవలేదే."

గెజీనె చేతిలోని సంచి కింద పడింది. టీడెమన్ దగ్గడం మొదలుపెట్టాడు, ఆపలేకపోయాడు. ఏడుగురు పత్రికలవాళ్లూ అడుగు ముందుకి వేశారు.

"ఆయన... కళ్లతో చెప్పారు," అన్నాడు టీడెమన్ దగ్గు మధ్యలో.

హామిష్ పైపు జేబులో పడేసి, బూట్ల తాళ్లు విప్పుకోవడానికి మెట్టు మీద కూలబడ్డాడు. "ఇంక చాలు టీడెమన్," అన్నాడు చేపలబజారు జర్మన్‌లో, గట్టు అంతటా వినపడేలా. "పుస్తకాలన్నీ ఈ అమ్మే రాసింది. నేను నా జన్మలో ఉత్తరం కూడా సరిగ్గా రాయలేదు."

"ఈయనకి జర్మన్ వచ్చు!" అని అరిచాడు ఒక పత్రికాయన.

"నాకా? ఒక్క ముక్క రాదు," అన్నాడు హామిష్, జర్మన్‌లోనే.

పోలీసు వేషాలవాళ్లు పడీ పడీ నవ్వారు. గెజీనెకి మాత్రం భూమి చీలితే బాగుండుననిపించింది. రెస్టార్ఫ్ ఆమె సంచి తీసి చేతికిచ్చాడు.

"మీ పేరు?"

"గెజీనె ల్యూర్స్."

"ఏం చేస్తారు?"

"ఓడల ఆఫీసులో టెలిఫోను దగ్గర..."

"ఫ్రావ్ ల్యూర్స్, పాటు ఎప్పుడు మొదలవుతుంది?"

"మొదలైపోయిందండీ. గంటసేపు బాగా లాగుతుంది. ఆ తర్వాత ఆ గుమ్మం కింద బురద బయటపడుతుంది."

"అయితే మీ సంగతి, ఈ టీడెమన్ గారి సంగతీ తర్వాత తేలుస్తాను. నా పక్కకి రండి. గడ్డి! ఎవరక్కడ, గడ్డి తెండి! కెమెరాకి నల్ల అద్దం బిగించండి, రాత్రి కావాలి నాకు! హంతకుడెక్కడ? భోజనం మానెయ్యమనండి!"

ఆ గంటని గెజీనె ఆ తర్వాత ఎన్నిసార్లు చెప్పుకుందో లెక్కలేదు. మనుషులు పరిగెత్తారు. బట్టల పెట్టెలోని గడ్డి చాలక ఒకడు తన లారీ సీటు చింపి పీచు తెచ్చాడు. బొమ్మని కూర్చోబెట్టి, కోటు తొడిగి, ముఖం తగిలించి వదిలారు. పది గజాలు వెళ్లి బొమ్మ వెనక్కి వాలి, కాళ్లు పైకెత్తింది.

"తాగినవాడిలా ఉన్నాడు!" అని జుట్టు పీక్కున్నాడు రెస్టార్ఫ్. కొక్కెం కర్రలతో పడవని వెనక్కి లాగారు. రెండోసారి పడవ గిర్రున తిరిగి గట్టు స్తంభానికి తగులుకుని ఆగిపోయింది.

అప్పుడు హామిష్ వట్టికాళ్లతో లేచాడు. "తప్పుకోండిరా, పడవంటే ఏంటో తెలీని మొహాలూ! ముక్కు తేలిపోతుంటే తిరక్కేం చేస్తుంది? ఆ ఇనప దిమ్మలు రెండు ముందువైపు పెట్టండి. వెనక ఒక తాడు కట్టి నీళ్లలోకి వదలండి, అది తోకలా పడి పడవని తిన్నగా ఉంచుతుంది. బొమ్మ నడుముకి కర్ర కట్టండి." తనే పడవలోకి దిగి అన్నీ చేశాడు. గళ్ల కోటు మోచేతుల దాకా తారు అయింది.

మూడోసారి. పొగ నీళ్ల మీద పల్చగా పరుచుకుంది. అందులోంచి పడవ వచ్చింది. చప్పుడు లేదు. మైనపు మనిషి నిటారుగా కూర్చుని, ముందుకే చూస్తూ, తెడ్డు ఒళ్లో పెట్టుకుని వంతెన కిందికి వస్తున్నాడు. వీడ్‌మన్ ఆగమని అరిచాడు. కాల్చాడు. బొమ్మ ఒక్కసారి వణికింది, పడలేదు. గెజీనె రెండు చేతులతో నోరు మూసుకుంది. తనే కల్పించింది, అందులో గడ్డీ లారీ సీటూ ఉన్నాయని తెలుసు, అయినా వెన్నులో చలి పాకింది. వంతెన మీద హంతకుడు మెల్లగా వచ్చి ఇన్‌స్పెక్టరు పక్కన నిలబడి అగ్గిపెట్టె అడిగాడు. అగ్గిపుల్ల వెలిగింది.

"చాలు!" అన్నాడు రెస్టార్ఫ్. "ఇంక మళ్లీ అక్కర్లేదు. పడవని పట్టుకోండి."

పట్టుకునే మనుషులు కొక్కెం కర్రలు పట్టుకుని మైమరచి చూస్తున్నారు. పడవ వాళ్లని దాటేసి, మలుపు తిరిగి, పెద్ద నదిలోకి వెళ్లిపోయింది.

అందరూ గట్టు వెంట పరిగెత్తారు. గెజీనె కూడా కోటు అంచులు పట్టుకుని పరిగెత్తింది. మలుపు దగ్గరికి చేరేసరికి అసలైన రేవు పోలీసుల మోటారు పడవ మైనపు మనిషికి అడ్డంగా వెళ్తోంది. అందులో లావుపాటి జమేదారు గొంతు పెంచే గొట్టం నోటికి పెట్టుకున్నాడు.

"ఏయ్ పడవాయనా! ఓడలు తిరిగే దారిలో నీకేం పని? ఆపు!"

మైనపు మనిషి పట్టించుకోలేదు.

"నీకే చెప్పేది! చెవుడా? పేరేంటి నీది?"

"ఆయన పేరు హాల్డన్!" అని గట్టు మీదనుంచి అరిచాడు వీడ్‌మన్. నవ్వు ఆపుకోలేక అందరూ ఒకరి మీద ఒకరు పడ్డారు. జమేదారు మోటారు పడవని పక్కకి చేర్చి, బొమ్మ భుజం పట్టుకుని ఊపాడు. ముఖం ఊడి అతని చేతిలోకి వచ్చింది. అతను వేసిన కేక అవతలి ఒడ్డు దాకా వినపడింది. పత్రికల ఫొటో మనిషి సరిగ్గా ఆ క్షణంలో బొత్తాం నొక్కాడు.

మర్నాడు ఆ ఫొటో ఊళ్లో రెండు పత్రికల్లో మొదటి పేజీలో పడింది. కింద గెజీనె ఫొటో, జారిన టోపీతో. 'హాల్డన్ గారి నివాసం బార్మ్‌బెక్' అని పెద్ద అక్షరాలు. ఆఫీసులో ఆమె చెవికి గొట్టం తగిలించుకోగానే మొదటి ఫోను.

"హాల్డన్ గారేనా?" అన్నాడు ఒక కెప్టెను. "పోటు ఎప్పుడు? హత్య ఎప్పుడు?"

సాయంత్రానికి అలాంటివి నలభై వచ్చాయి. మేనేజరు బయటికి వచ్చి కోప్పడబోయి, జేబులోంచి 'మైనపు పడవవాడు' తీసి సంతకం పెట్టించుకుని వెళ్లిపోయాడు.

రెండు రోజుల తర్వాత టీడెమన్ ముఖం వేలాడేసుకుని వచ్చాడు. "మునిగాం ఫ్రావ్ ల్యూర్స్. ఇంగ్లీషువాడు కాదని తెలిస్తే ఇంక ఎవరు చదువుతారు?"

"అద్దె షాపులు తిరిగి చూశారా?"

"భయమేసి వెళ్లలేదు."

"నేను వెళ్లాను. మా వీధి షాపులో నా పుస్తకాలు ఒక్కటీ లేవు, అన్నీ బయటే ఉన్నాయి. పన్నెండు మంది వరసలో ఉన్నారట." గెజీనె తీగ ఒకటి గుచ్చి, ఒకటి తీసి, అతనికేసి తిరిగింది. "సినిమా మొదట్లో పేర్లు వేస్తారు కదా. నవల హాల్డన్ గారిదే, ఉండనివ్వండి. ఆ పడవ సీను మాత్రం నాది. దానికి నా పేరు ఉండాలి."

"వాళ్లు ఒప్పుకోకపోతే?"

"రెస్టార్ఫ్ గారు పొద్దునే ఒప్పుకున్నారు. మీకు చెప్తున్నానంతే."

అక్టోబరులో ఒక ఆదివారం మధ్యాహ్నం సినిమా విడుదలైంది. గెజీనె నిర్మాతలు పంపిన ముందువరస టికెట్టు హామిష్ భార్యకి ఇచ్చేసి, తను మామూలు జనం మధ్య, పద్నాలుగో వరసలో కూర్చుంది. పక్కన ఒక ముసలావిడ, ఒళ్లో చాక్లెట్ల పొట్లం. పేర్లు పడుతున్నప్పుడు ఆవిడ పొట్లం విప్పే హడావిడిలో ఉంది. తెర మీద తన పేరు వచ్చి, రెండు క్షణాలు నిలబడి, వెళ్లిపోయింది.

చివరి పదినిమిషాలు వచ్చాయి. పొగలోంచి పడవ వచ్చింది. తుపాకి పేలింది. వాడు పడలేదు. తొమ్మిది వందల మంది ఒక్కసారే "హా!" అన్నారు. ముసలావిడ గెజీనె చెయ్యి పట్టుకుని గోళ్లు దిగేలా నొక్కింది. వంతెన మీద అగ్గిపుల్ల వెలిగేసరికి వెనక వరసలో ఎవరో లేచి నిలబడి, "పక్కకి చూడరా మూర్ఖుడా, పక్కనే ఉన్నాడు!" అని ఇన్‌స్పెక్టరుని తిట్టారు.

దీపాలు వెలిగాక ముసలావిడ చెయ్యి వదిలి, కళ్లద్దాలు తుడుచుకుంది.

"ఆ ఇంగ్లీషువాళ్ల బుర్రలే బుర్రలండీ. మనవాళ్లకి ఇలాంటివి తట్టి చస్తాయా?"

"ఆ పడవ సంగతి రాసింది నేనేనండీ," అంది గెజీనె.

"ఊరుకోండమ్మా."

"నిజం. పేపర్లో కూడా వేశారు."

ముసలావిడ ఆమెని తేరిపార చూసింది, గోధుమరంగు కోటు, జడపిన్నులు, చేతిసంచి, అన్నీ. నమ్మిందో లేదో గానీ కుర్చీలో ముందుకి జరిగి, చాక్లెట్ల పొట్లం ఇద్దరి మధ్యా పెట్టింది.

"అయితే చెప్పండి చూద్దాం. ఆ వకీలుకి విషం ఎప్పుడు పెట్టాడు? నేను కళ్లు ఆర్పకుండా చూశాను, నాకెక్కడా కనపడలేదు."

"టీ కప్పులో కాదండీ," అంది గెజీనె ఆవిడ వైపు తిరిగి. "ఆయన ప్రతిసారీ ఉత్తరం కవరు నాలుకతో తడి చేసి అంటిస్తాడు, గమనించారా?"

"ఓరి దేవుడా, కవరు!" అని ముసలావిడ తొడ చరుచుకుంది.

హాలు ఊడ్చేవాళ్లు చీపుళ్లు పట్టుకుని వచ్చి లేవమన్నారు. ఇద్దరూ లేచి, రెండో హత్య గురించి వాదించుకుంటూ ట్రాము స్టాపు దాకా నడిచారు. వచ్చిన ట్రాము వదిలేశారు. దాని తర్వాతది కూడా వదిలేశారు.